ఊరు వదిలితేనే ఇంటిపేరు: మా ఊరి పట్టిక ఎంతవరకు వచ్చిందంటే

జనవరి, పండగ సెలవులు

పని ఏమిటంటే, తెనాలి దగ్గర మా ఊళ్లో ఇప్పుడున్న ఇంటిపేర్లు, ఒకప్పుడుండి ఇప్పుడు లేని ఇంటిపేర్లు అన్నీ ఒక పట్టికలోకి చేర్చడం. ప్రతి పేరుకీ అది ఎక్కణ్నుంచి పుట్టిందో ఒక గడి, ఆ మాటకి ఆధారం ఏమిటో పక్కన ఇంకో గడి. ఆధారం దొరక్కపోతే "చెప్పుకుంటారు" అని రాసి వదిలేయడమే. మనుషుల పేర్లు, ఇంటి నంబర్లు పట్టికలోకి రానివ్వను. ఇది మొదట్లోనే పెట్టుకున్న కట్టుబాటు. లేకపోతే ఊళ్లో ఎవరూ కాగితం ముక్క కూడా చేతికివ్వరు.

"ఇంటిపేర్లదేముందమ్మా, కూర్చో, మొత్తం నేనే చెప్తా రాసుకో" అన్నాడు పెద్దనాన్న. కాఫీ చల్లారేదాకా చెప్పాడు, రాసుకున్నాను. తర్వాత ఓటర్ల జాబితా తెరిస్తే దానికి ఎన్నో రెట్లు తేలాయి. ఆయన చెప్పినవన్నీ మా బజారూ, పక్క బజారూ. చెరువు అవతల ఉన్నవాళ్ల ఇంటిపేర్లు ఆయనకి తెలియవు. తెలుసుకోవాల్సిన అవసరమూ ఆయనకి ఎప్పుడూ రాలేదు.

ఓటర్ల జాబితా పీడీఎఫ్‌లు పార్టుల వారీగా ఉంటాయి. ఒక్కో డబ్బాలో ఓటరు పేరు, తండ్రి లేదా భర్త పేరు, ఇంటి నంబరు, వయసు. చూడ్డానికి తెలుగే కానీ కాపీ చేసి షీట్‌లో అతికిస్తే పిచ్చి గీతలు వస్తాయి. అందుకని పేజీలని బొమ్మలుగా మార్చి, బొమ్మలోని అక్షరాలు చదివే ఓసీఆర్ పెట్టాను. ఒత్తులు ఎక్కువున్న పేర్లని చేత్తో సరిచేసుకోవాల్సి వచ్చింది.

అసలు తలనొప్పి స్పెల్లింగులు. ఒకే ఇంట్లో తండ్రి యలమంచిలి, కొడుకు ఎలమంచిలి, కోడలు యెలమంచిలి. ఇంగ్లీషులో ఎక్కించినదాన్ని యంత్రం తెలుగులోకి తిప్పిన చోట ఇంకా ఘోరం: గుడిపాటి కాస్తా గుడిపతి అయింది, తోట వారు టోటా వారయ్యారు. ఇవన్నీ కలిపేసి ఒక్కటిగా లెక్కపెట్టకుండా, "జాబితాలో ఉన్న రూపం", "వాడుకలో ఉన్న రూపం" అని రెండు గడులు చేశాను. పాత దస్తావేజులో ఏ రూపం తగిలినా వెతుక్కోవడానికి పనికొస్తుంది.

ఫిబ్రవరి

ఇంటిపేర్లని రకాలుగా విడదీయడం మొదలుపెట్టాను. అన్నిటికంటే పెద్ద కుప్ప ఊరి పేర్లదే. వాటిని కంటితో ఏరుతూ కూర్చుంటే వేసవి వచ్చేస్తుంది. అందుకని జనగణన గ్రామాల పట్టిక దించుకుని, ఇంటిపేరు చివర మార్చి అందులో వెతికే ఫార్ములా రాశాను.

ఆ మార్చడం ఎలాగో చిన్నయసూరి ఎప్పుడో చెప్పాడు. టంగుటూరు వాళ్లని "టంగుటూరి వారు" అంటాం. వాడగా వాడగా "వారు" రాలిపోయి టంగుటూరి మిగిలింది. ఇల్లు ఇంటి అయినట్టు, నుయ్యి నూతి అయినట్టు, ఊరి పేరు కూడా తర్వాతి మాటకి ముందు రూపు మార్చుకుంటుంది. బడిలో బట్టీ పట్టిన ఔపవిభక్తికాలు ఇ, టి, తి మూడూ ఇక్కడ హాజరు. సాలూరు సాలూరి అయితే ఇ. గొట్టిపాడు గొట్టిపాటి అయితే టి. కాకరపర్రు కాకరపర్తి అయితే తి. ఇక "అం"తో ముగిసే ఊళ్లు పుంప్వాదేశం దారిలో నడుస్తాయి: సరసము సరసపు అయినట్టు ముప్పవరం ముప్పవరపు, అన్నవరం అన్నవరపు. ఘంటసాల, గురజాడ, తెనాలి లాంటివి ఏమీ మారవు, ఊరు ఎలా ఉందో ఇంటిపేరూ అలాగే.

యూనికోడ్‌లో గుడి, కొమ్ము అక్షరానికి విడిగా ఉంటాయి కాబట్టి పని సులువైంది. చివర ఉన్న గుడి తీసి కొమ్ము పెట్టు. "పాటి" ఉంటే "పాడు" చెయ్యి. "వరపు" ఉంటే "వరం" చెయ్యి. గ్రామాల పట్టికలో ఉందేమో చూడు. రాత్రి నడవనిచ్చి పొద్దున చూస్తే చాలా పేర్ల పక్కన జిల్లా, మండలం వచ్చి కూర్చున్నాయి. ఆ పూట ఆఫీసు కాల్‌లో ఎవరేం మాట్లాడారో గుర్తులేదు.

సంబరం మధ్యాహ్నానికి దిగింది. రావిపాటి అంటే రావిపాడు, బాగానే ఉంది. కానీ ఏ రావిపాడు? గుంటూరు వైపు ఉంది, గోదావరి వైపు ఉంది. కొత్తపల్లి సంగతి చెప్పనే అక్కర్లేదు, తెలుగునాట ఏ మూలకి వెళ్లినా ఒక కొత్తపల్లి ఉంటుంది. అందుకని ఊరి పేర్లని రెండు ముక్కలు చేశాను: "ఊరు ఇదే", "పేరు ఇదే, ఊరు తేలలేదు". రెండో ముక్క పెద్దదైంది. దాన్ని చిన్నది చేయడానికి దగ్గర్లో ఉన్న ఊరికి మార్కు వేసేసే అడ్డదారి ఒకటుంది. ఆ దారి తొక్కదలుచుకోలేదు.

మార్చి

పట్టికని జిల్లాల వారీగా సార్ట్ చేస్తుంటే ఒకటి కనపడింది. మా ఊరి పేరే ఇంటిపేరుగా ఉన్న కుటుంబం మా ఊళ్లో ఒక్కటీ లేదు. ఆ ఇంటిపేరు వాళ్లు గుంటూరులో ఉన్నారు, బాపట్ల వైపు ఉన్నారు, హైదరాబాదులో ఉన్నారు. ఊళ్లో లేరు.

ఆలోచిస్తే అంతేగా మరి. ఊళ్లో అందరూ ఆ ఊరివాళ్లే అయినప్పుడు ఆ పేరుతో ఎవర్ని విడదీసి పిలుస్తారు? ఒక కుటుంబం మూట కట్టుకుని పై ఊరు చేరితే, అక్కడివాళ్లు "ఫలానా ఊరివాళ్లు" అంటారు. రెండు తరాలకి అదే ఇంటిపేరై కూర్చుంటుంది. అంటే ఊరిపేరున్న ఇంటిపేరు, ఆ కుటుంబం వదిలి వచ్చిన చోటు చెప్తోంది. పెట్టింది కూడా వాళ్లు కాదు, కొత్త ఊరి జనం.

మా ఒక్క ఊరిని చూసి సూత్రం కట్టేయకూడదని, పుట్టిన ఊరు అందరికీ తెలిసిన పెద్దవాళ్ల మీద పెట్టి చూశాను. నందమూరి తారక రామారావు 1923లో నిమ్మకూరులో పుట్టారు. నందమూరు వేరే ఊరు. ఘంటసాల వెంకటేశ్వరరావు 1922లో గుడివాడ దగ్గర చౌటపల్లిలో పుట్టారు. ఘంటసాల బౌద్ధ స్తూపం ఉన్న ఊరు, అదీ కృష్ణా జిల్లాలోదే. టంగుటూరి ప్రకాశం 1872లో వినోదరాయునిపాలెంలో, కందుకూరి వీరేశలింగం 1848లో రాజమండ్రిలో. గురజాడ అప్పారావు పుట్టింది 1862లో విశాఖ వైపు రాయవరంలో, గురజాడ ఊరేమో ఇక్కడ కృష్ణా జిల్లాలో. ఇంకా దూరం పోతే సర్వేపల్లి రాధాకృష్ణన్. 1888లో తిరుత్తణిలో పుట్టిన మనిషి ఇంటిపేరులో నెల్లూరు జిల్లా సర్వేపల్లి ఉంది. 1767లో తిరువారూరులో పుట్టిన త్యాగరాజు ఇంటిపేరు కాకర్ల. ఆ ఊరు ప్రకాశం వైపు ఉంది. అరవదేశంలో స్థిరపడిన తెలుగు కుటుంబాల కథకి ఇంతకంటే పొట్టి దస్తావేజు ఉండదు.

తిరగేసి కూడా చూశాను. కూచిపూడిలో నాట్యం పట్టుకుని ఉన్న కుటుంబాలు వేదాంతం, వెంపటి, పసుమర్తి, చింతా, భాగవతుల. ఆ వరసలో కూచిపూడి వారు లేరు.

ఎదురు తిరిగింది తాళ్లపాక అన్నమాచార్యులు. పుట్టిందీ తాళ్లపాకలోనే, ఇంటిపేరూ తాళ్లపాకే. అయితే ఆయన బతుకంతా తిరుమల కొండ మీద గడిచింది. కొండమీద వాళ్లకి ఆయన తాళ్లపాక నుంచి వచ్చిన మనిషి. మా తెనాలి రామకృష్ణుడి సంగతీ ఇలాంటిదే. ఆయన ఇంటిపేరు గార్లపాటి అని సంప్రదాయంగా చెప్తారు. రాయలవారి విజయనగరంలో ఉన్నవాళ్లకి మాత్రం తెనాలి నుంచి వచ్చినవాడు, అందుకే ఆ ముద్ర. ఈ రెండిట్లోనూ పేరు అతుక్కున్నది ఊరు దాటాకే.

మరి మా ఊళ్లో ఇన్ని పై ఊళ్లు ఎందుకు? పల్నాడు, అద్దంకి, ఒంగోలు వైపు పేర్లు గుత్తులు గుత్తులుగా ఉన్నాయి. 1832-33లో వచ్చిన కరువుని ఇప్పటికీ డొక్కల కరువు అంటారు, గుంటూరు సీమలో ఊళ్లకు ఊళ్లు తుడిచిపెట్టుకుపోయాయి. తర్వాత 1855లో బెజవాడ దగ్గర కృష్ణా ఆనకట్ట పూర్తయింది, కాలవలు వచ్చాయి, డెల్టాలో వరి సాగు పెరిగింది. ఖాళీ భూములూ కొత్త నీళ్లూ ఉన్న చోటికి మెట్ట ఊళ్ల జనం దిగడంలో వింతేమీ లేదు. అయినా ఫలానా కుటుంబం ఆ గాలిలోనే వచ్చిందని పట్టికలో రాయలేదు. కుటుంబానికి కుటుంబంగా కాగితం ఉంటేనే రాస్తాను.

ఏప్రిల్

కాగితాలకోసం వెతుకుతుంటే రెవెన్యూ రికార్డుల కంటే పనికొచ్చేది ఇంట్లోనే దొరికింది: చదివింపుల పుస్తకం.

మా ఇంట్లో ఉన్నది మేనత్త పెళ్లిది. ఎర్ర అట్ట, పొడుగు పుస్తకం, మొదటి పేజీ నాలుగు మూలలా పసుపు. నడిమికి నిలువు గీత. ఎడమవైపు ఊరు, ఇంటిపేరు, పేరు, గారు, కుడివైపు రూ. 5-00, రూ. 10-00, మధ్యమధ్యలో ఇత్తడి బిందె 1, స్టీలు కారియర్ 1. మేనమామల దగ్గరికి వచ్చేసరికి దస్తూరీ కాస్త పెద్దదైంది, నూటపదహార్లు కదా. రాసిన కరణం గారి చెయ్యి చెమటకి సిరా చెదిరిన చోట్లు కూడా ఉన్నాయి. పెళ్లి వైశాఖంలో అయిందట, అర్థమవుతూనే ఉంది.

ఇంటిపేర్లకి ఇది ఇంత మంచి ఆధారం ఎందుకయిందంటే, చదివింపులు గట్టిగా చదివేవాళ్లు. పందిట్లో నలుగురు వెంకటేశ్వర్లు ఉన్నప్పుడు ఏ వెంకటేశ్వర్లో తెలియకపోతే ఇచ్చినవాడికి చిన్నతనం, పుచ్చుకున్నవాడికి ఇబ్బంది. పైగా రేపు వాళ్లింట్లో పెళ్లికి వెళ్లేముందు ఈ పుస్తకం తీసి, వాళ్లెంత చదివించారో చూసుకుని దానికి తగ్గకుండా చదివించాలి. కాబట్టి ఇంటిపేరు తప్పకూడదు, పుస్తకం పోకూడదు. ప్రతి ఇంట్లోనూ బీరువా అడుగున ఒకటి ఉంటుంది. మాట అడిగితే ఇస్తున్నారు కూడా. "ఎంత చదివించారో చూడకూడదే అమ్మాయ్, పేర్లు మాత్రమే రాసుకో" అని మేనత్త షరతు.

ఈ పుస్తకాల్లో మనుషుల పేర్లని చూసినకొద్దీ చూడబుద్ధవుతుంది. మా వైపు పేర్లు చుట్టూ ఉన్న దేవుళ్ల చిరునామాలు చెప్తాయి. కోటయ్య, కోటేశ్వరరావు అంటే కోటప్పకొండ. అంకమ్మరావు అంటే అంకమ్మ తల్లి, పోలయ్య అంటే పోలేరమ్మ. మస్తాన్‌రావు, మస్తానమ్మ అని హిందువుల ఇళ్లలో కనపడితే మస్తాన్ దర్గాకి మొక్కుకున్న సంతానం. నల్గొండ వైపు సైదులు, సైదమ్మలూ అలాంటివాళ్లే, జాన్‌పహాడ్ దర్గా పేరు. నెల్లూరు పెంచలయ్య పెంచలకోన, తెలంగాణ యాదగిరి యాదగిరిగుట్ట, విజయనగరం పైడిరాజు పైడితల్లి. పేరు వింటే ఏ జిల్లానో సగం చెప్పేయొచ్చు. పెంటయ్య, పుల్లయ్య, భిక్షం లాంటివి ఇంకో రకం: ముందు పుట్టినవాళ్లు దక్కకపోతే ఈ బిడ్డయినా దక్కాలని, మృత్యువు కంట పడకుండా కావాలని తక్కువ చేసి పెట్టిన పేర్లు. ఉత్తరాంధ్రలో తవిటయ్య, తవిటమ్మ అంటే తవుడిచ్చి కొన్నట్టు తంతు చేసిన పిల్లలు. ఇప్పుడు మా వీధిలో పిల్లల పేర్లు వింటే ఏ దేశమో కూడా చెప్పలేం. ఆ గొడవ వేరే.

చివరి పేజీ దగ్గర ఆగిపోయాను. అది పనివాళ్ల చదివింపులది. అక్కడ ఇంటిపేరు లేదు, గారు లేదు. ఒట్టి పేరు, పక్కన రూపాయో అర్ధో. తిరగేసిన ప్రతి పుస్తకంలోనూ ఇదే తంతు. పెద్దనాన్నకి గుర్తులేని ఇంటిపేర్లు, ఈ కరణం గారు రాయని ఇంటిపేర్లు ఒకరివే. పట్టికలో "మొదట కనపడిన ఏడు" అని, ఆ పేరు కాగితంలో మొదట ఏ సంవత్సరం కనపడిందో రాసే గడి కూడా ఉంది, దాన్ని ఇలాగే నింపుకుంటూ పోతే సగం ఊరు నిన్నమొన్న పుట్టినట్టు కనిపిస్తుంది. అలా కనపడనిస్తే ఈ పని చేయకపోవడమే నయం.

మే

చర్చి రిజిస్టరు దొరికింది. గుంటూరులో లూథరన్ మిషన్ 1842లో హయ్యర్ దొరతో మొదలైంది. చుట్టుపక్కల పల్లెలకి చర్చీలు తర్వాత మెల్లగా వచ్చాయి. మా ఊరి చర్చిలో బాప్తిస్మాల పుస్తకం భద్రంగా ఉంది. "బయటికి ఇవ్వమమ్మా, ఇక్కడే కూర్చుని ఎంతసేపయినా చూసుకోండి" అన్నారు పాస్టరుగారు. ఫ్యాను వేసి, మంచినీళ్లు తెప్పించి, ఆయన పని ఆయన చూసుకున్నారు.

గడులు శుభ్రంగా ఉన్నాయి. తేదీ, బిడ్డ పేరు, తండ్రి, తల్లి, ఊరు. ఊళ్లో మరే కాగితంలోనూ రాయని ఇంటిపేర్లు ఇక్కడ నిండుగా, ప్రతి వరసలోనూ ఉన్నాయి. బిడ్డల పేర్లు యేసురత్నం, దేవదానం, సువార్తమ్మ, జీవరత్నం అని మారాయి కానీ ఇంటిపేర్లు ఎక్కడివక్కడే. గుర్రం జాషువా పేరు చూస్తే చాలు, మొదటి సగం తాతలది, రెండో సగం బైబిలుది.

పట్టికకి ఇది పెద్ద మలుపు. మొదటిది, "మొదట కనపడిన ఏడు" చాలా పేర్లకి అరవై డెబ్బై ఏళ్లు వెనక్కి జరిగింది. రెండోది, చర్చి పుస్తకంలో ఉన్న ఊరి ఇంటిపేర్లు కొన్ని గుడి బజారులోనూ ఉన్నాయి. ఇంటిపేరు విని కులం కట్టేసేవాళ్లు మా ఊళ్లోనే కాదు, పెళ్లి సంబంధాల పేరయ్యల్లో నిండా ఉన్నారు. ఊరి పేరు నుంచి వచ్చిన ఇంటిపేరుకి ఆ లెక్క నిలవదు. ఒకే ఊరి నుంచి రైతు కుటుంబం బయల్దేరినా, కూలి కుటుంబం బయల్దేరినా, పురోహితుడు బయల్దేరినా ఎదురుపడ్డవాళ్లు పిలిచేది ఆ ఊరివాళ్లనే. అందుకే పట్టికలో కులం గడి పెట్టలేదు. "పెట్టకపోతే ఏం పట్టికమ్మా అది" అని ఇద్దరు ముగ్గురు పెదవి విరిచారు. విరవనీ.

జూన్

ఊరి పేర్లు కాని వాటి మీద పడ్డాను. ఇవి సరదాగా ఉంటాయి కానీ ఆధారం గడి ఖాళీ.

వంటింట్లోకి వెళ్తే ఉప్పు, పప్పు, బెల్లం, అల్లం, మిరియాల, గుమ్మడి, వంకాయల, దోసకాయల. పెరట్లోకి వెళ్తే మామిడి, చింత, వేప, మర్రి, తుమ్మల. పులి, నక్కా, గుర్రం, పిల్లి కూడా ఇళ్లలో ఉన్నాయి. ప్రతి దానికీ ఒక కథ సిద్ధం: ముత్తాత పులిని చంపాడు, రాజుగారికి దోసకాయలు కానుకిచ్చాడు. గమ్మత్తేమిటంటే, వేరే వేరే ఊళ్లలో ఉన్న, ఒకరికొకరు ఏమీ కాని పులి వాళ్లందరి ముత్తాతలూ పులినే చంపారు. కథలన్నీ "చెప్పుకుంటారు" గడిలోకే వెళ్లాయి. చెప్పినవాళ్లకి కోపం రాకుండా పూర్తిగా, వాళ్ల మాటల్లోనే రాశాను.

చదువు, యజ్ఞం, కొలువు చెప్పే పేర్లకి ఇంత తంటా లేదు. సోమయాజుల, వాజపేయాజుల, ద్వివేదుల, అవధానుల వారి పేర్లు తమని తామే చెప్పుకుంటాయి. తెలంగాణలో దేశ్‌ముఖ్, దేశ్‌పాండే అంటే పరగణాల్లో శిస్తు కొలువు.

ఎక్కువసేపు కూర్చోబెట్టింది మాత్రం "నేని" వారు. నాయఁడు నాయని అయి, అది నేని అయింది. దాని ముందున్న ముక్క ఎవరో ఒక మూలపురుషుడి పేరు. నన్నపనేని అంటే నన్నప అనే నాయకుడి వారు, సూరపనేని అంటే సూరప వారు, వీరమాచినేని అంటే వీరమాచి వారు. ఈ ముందు ముక్కల్ని విడదీసి ఒక వరసలో రాసి చూస్తే మాచి, సూర, పోత, కొమ్మ, మల్లి, గుండ. ఇవి కాకతీయుల కాలం నాటి మనుషుల పేర్లు. బేతరాజు, ప్రోలరాజు, గుండయ అని రాజులకే ఉన్న పేర్ల కుదురు ఇది. ఇవాళ ఎవరూ కొడుక్కి మాచయ్య అని పెట్టరు. కానీ ఇంటిపేరులో ఆ మాచయ్య రోజూ హాజరు పిలిపించుకుంటున్నాడు. మా జిల్లాలోనే బేతపూడి అని ఊరు ఉంది. బేత అనే మనిషి పేరు ఊరిదై ఉండాలి, ఆ ఊరు వదిలినవాళ్లకి బేతపూడి ఇంటిపేరైంది. మనిషి, ఊరు, మళ్లీ మనుషులు. అందుకని పట్టికలో "మూలం" గడిని రెండు మెట్లు చేశాను.

ఇవన్నీ ఒకప్పుడు నోటికి చెప్పేవాళ్లు ఉండేవాళ్లు. పంట ఇంటికొచ్చాక వంశరాజులు వచ్చి అరుగు మీద కూర్చుని ఇంటిపేరు, గోత్రం, మూలపురుషుడు, వదిలిన ఊరు అన్నీ పాడి, ధాన్యం కొలిపించుకుని వెళ్లేవాళ్లని నాయనమ్మ చెప్పింది. ఒక్కో కులానికి ఇలా వంశం పాడేవాళ్లు వేరువేరుగా ఉండేవాళ్లు. "ఏం పాడేవాళ్లు నాయనమ్మా?" అంటే, "నాకెట్టా గుర్తుంటదే, చాటలో వడ్లు పట్టుకొచ్చే పనే సరిపోయేది" అంది. వంశరాజుల కుటుంబాల కోసం వాకబు చేస్తున్నాను. వాళ్ల దగ్గర ఏదైనా రాతప్రతి మిగిలి ఉంటే ఈ పట్టికకి అదే అసలు ఆధారం.

జూలై

ఇంటిపేరు మారిన కేసులకి వేరే షీట్ తెరిచాను. మొదటిది దత్తత. శ్రీశ్రీ పుట్టింది పూడిపెద్ది వారింట, దత్తు వెళ్లింది శ్రీరంగం వారికి. చలం పుట్టింది కొమ్మూరి వారింట, తాతగారు దత్తు తీసుకుంటే గుడిపాటి అయ్యారు. మా ఊళ్లోనూ ఉన్నాయి. ఆస్తి తగాదాలున్న చోట గొంతు తగ్గించి చెప్తారు, షీట్‌లో ఇంటిపేరు జతలు తప్ప ఇంకేమీ ఎక్కించలేదు. ఇల్లరికం వచ్చిన అల్లుళ్లు మాత్రం సొంత ఇంటిపేరు వదలరు. ఊరు అత్తగారిది, పొలం అత్తగారిది, పేరు తండ్రిది.

రెండోది, ఊరు మీదకెక్కడం. హైదరాబాదు రాష్ట్రానికి ముఖ్యమంత్రిగా చేసిన బూర్గుల రామకృష్ణారావు గారి అసలు ఇంటిపేరు పుల్లంరాజు. బూర్గుల వాళ్ల ఊరు. మార్చిలో రాసుకున్న సంగతి ఇరవయ్యో శతాబ్దంలో, అందరి కళ్లముందు జరగడం ఇది.

మూడోది పాస్‌పోర్టు. ఇంటిపేరు ముందుండే మన పద్ధతి ఫారంలో ఒదగదు. అమెరికాలో ఉన్న బాబాయి కొడుకుని ఆఫీసులో అందరూ "వెంకట" అని పిలుస్తారు, ఇంట్లో ఆ పేరుతో పిలిచినవాళ్లు పుట్టినప్పట్నుంచీ ఎవరూ లేరు. మారిషస్ వెళ్లిన కూలీలకి ఇంకోలా జరిగింది. ఓడ దిగినవాడి సొంత పేరే పిల్లలకి ఇంటిపేరై స్థిరపడింది. అందుకే అక్కడ అప్పడు, అప్పలసామి అనేవి ఇంటిపేర్లు. ఇక్కడి ఇంటిపేరు చాలామందికి కాగితాల్లో తెగిపోయింది. మిగిలిన అప్పలసామి మాత్రం సింహాచలం అప్పన్న వైపు వేలు చూపిస్తూనే ఉన్నాడు.

ఆగస్టు

"ఇంత పట్టిక కట్టావు గదా, మా పుట్టింటి పేరు ఎక్కడుందే?" అని నాయనమ్మ అడిగింది. వెతికితే లేదు. ఆమె పుట్టింటివాళ్లు ఈ ఊరివాళ్లు కారు కాబట్టి ఓటర్ల జాబితాలో రాలేదు, పెళ్లయ్యాక ఆమె మా ఇంటిపేరులోకి మారింది కాబట్టి ఆమె పేరుతోనూ రాలేదు. ఊళ్లోకి కాపురానికొచ్చిన ప్రతి ఆడమనిషిదీ ఇదే సంగతి. పెళ్లయితే ఇంటిపేరు మార్చుకోవాలని చట్టం ఏమీ లేదు, అలవాటే చట్టంలా నడిచింది.

కొత్త గడి పెట్టాను: "ఊరికి కోడళ్లనిచ్చిన ఇంటిపేర్లు". దీనికి మళ్లీ చదివింపుల పుస్తకాలే దిక్కు. పుట్టింటివాళ్ల చదివింపులు పెద్దవి, మొదట రాసేవి, ఇంటిపేరూ ఊరూ నిండుగా ఉండేవి. చర్చి పుస్తకంలో తల్లి గడిలో ఒక్కోచోట పుట్టింటిపేరు బ్రాకెట్లో రాసి ఉంది, ఒక్కోచోట లేదు, రాసిన పాస్టరుని బట్టి. ఈ గడి నిండేకొద్దీ మ్యాపు మారుతోంది. మగవాళ్ల ఇంటిపేర్లు చూపించే ఊళ్లు దూరం, ఎప్పుడో ఒక్కసారి వచ్చి ఆగిన దారి. ఆడవాళ్లవి దగ్గర దగ్గర ఊళ్లు, కాలవ వెంబడి, ప్రతి తరంలోనూ మళ్లీ మళ్లీ. కొల్లిపర, దుగ్గిరాల, వేమూరు వైపు గీతలు దట్టంగా పడుతున్నాయి.

నాయనమ్మ తల్లి పుట్టింటిపేరు నాయనమ్మకే తెలియదు. "మా అమ్మమ్మ వాళ్లది పొన్నూరు పక్కన" అంటుంది, అక్కడితో ఆగుతుంది. వాళ్లింటి చదివింపుల పుస్తకం నాయనమ్మ చెల్లెలి మనవరాలి దగ్గర ఉందని తేలింది. ఫొటోలు తీసి పంపమంటే రెండు పేజీలు వంకరగా తీసి పంపింది, మడతలో పోయినవన్నీ ఇంటిపేర్లే. ఆదివారం నేనే పొన్నూరు వెళ్లి తీసుకుంటానని చెప్పాను. అక్కడి చర్చి, గుడి రికార్డులు చూపిస్తారేమో కూడా అదే దారిలో కనుక్కోవాలి. స్పెల్లింగుల గడి సరిచూసే పని మాత్రం బాబాయి కూతురికి అప్పజెప్పాను, ళ్ళ దగ్గర నా కళ్లు ఇక పనిచేయడం లేదు.